సరస్సు గాలి, మ్వాంజా ఎండ

మేం టాంజానియాలోని మ్వాంజాలో ఉండొచ్చామని చెప్పగానే, పేపరు చదివే అలవాటున్నవాళ్లు ఎవరైనా ఒక మాట అడుగుతారు. "అక్కడే కదండీ, తెల్లగా పుట్టినవాళ్లని చంపి ఎముకలు అమ్ముకునేది?" అవును, అక్కడే. ఆ వార్తలు నేను ఆ ప్రాంతంలో కూర్చునే విన్నాను. కాదనడానికి లేదు. కానీ ఆ ఒక్క మాట దగ్గరే ఆగిపోతుంటే నాకు ప్రాణం ఉసూరుమంటుంది. అక్కడ నా దగ్గర చదువుకున్న పిల్లలు, వాళ్ల అమ్మానాన్నలు, మా మిల్లులో పనిచేసినవాళ్లు, వీళ్లెవరూ ఒక నేరవార్తలో ఇమిడేవాళ్లు కాదు. అందులోనూ ఒక పిల్ల, ఆల్బినిజంతో, అంటే ఒంటికి రంగునిచ్చే మెలనిన్ తయారవకుండా పుట్టిన పిల్ల. పేరు రాయను, ఇప్పుడు తనకంటూ ఉద్యోగం, ఊరు, పరువు ఉన్న మనిషి.

మావారిది జిన్నింగు మిల్లు పని. గుంటూరులో కొన్నేళ్లు చేశాక టాంజానియా నుంచి పిలుపొస్తే వెళ్లాం. విక్టోరియా సరస్సుకి దక్షిణంగా ఉన్నదంతా సుకుమా జనం నేల, పత్తి నేల. మ్వాంజా నుంచి షిన్యాంగా వెళ్లే రోడ్డు పక్కన మా మిల్లు. జూన్ నెల వచ్చిందంటే సైకిళ్ల మీదా ఎడ్లబళ్ల మీదా పత్తి బస్తాలు వచ్చేవి. మిల్లులో దూది రేగి గాల్లో తేలుతుంటే నాకు మా నల్లపాడు రోడ్డు గుర్తొచ్చి కడుపు నిండిపోయేది. సెలవు రోజున మ్వాంజా వెళ్లేవాళ్లం. ఊరంతా పెద్ద పెద్ద గుండ్రాళ్లు, ఒకదాని మీద ఒకటి ఎవరో నిలబెట్టినట్టు. నీళ్లలో నిలబడిన బిస్మార్క్ రాయి దగ్గర కూర్చుని, పడవలు చూస్తూ, వేయించిన సాటో చేప తినేవాళ్లం. ఆ గాలి నాకు ఇప్పటికీ కావాలనిపిస్తుంది.

ఆ చల్లటి గాలి గురించే ఒక మాట చెప్పాలి. భూమధ్యరేఖకి రెండున్నర డిగ్రీల దూరంలో, సముద్రమట్టానికి 1,100 మీటర్ల పైన ఉంటుంది మ్వాంజా. గుంటూరు ఎండ మనిషిని ముందే బెదిరించి ఇంట్లోకి తరిమేస్తుంది. అక్కడ ఎండ సూటిగా నెత్తి మీద పడుతున్నా, సరస్సు గాలి తగులుతుంటుంది కాబట్టి ఒంటికి తెలియదు. మామూలు ఒంటికి పెద్దగా ఏమీ కాదు. మెలనిన్ లేని ఒంటికి మాత్రం రోజూ కాలినట్టే.

2009 జనవరిలో, కొత్త తరగతులు మొదలైన వారంలో, ఆ పిల్ల ఫారం వన్‌లో, అంటే అక్కడి సెకండరీ చదువు మొదటి ఏడాదిలో చేరింది. నేను అక్కడ ఒక సెకండరీ స్కూల్లో లెక్కలు చెప్పేదాన్ని. తండ్రి చేయి పట్టుకుని వచ్చింది. లేత పసుపు జుట్టు, గులాబీ రంగు బుగ్గల మీద గోధుమరంగు మచ్చలు, ఒక్కచోట నిలవకుండా అటూ ఇటూ కదిలే కళ్లు. సుకుమా ఆడపిల్లలు పెద్దవాళ్లకి మోకాలు వంచి దణ్ణం పెడతారు. అలాగే వంగి "షికామో మ్వాలిము" అంది, అంటే దణ్ణం టీచరుగారూ అని. నేను "మరహబా" అన్నాను. తండ్రి నాకు తెలిసినవాడే, మా మిల్లులో బేళ్లు కట్టే ప్రెస్సు మీద పనిచేసేవాడు. పిల్లని నాకు అప్పగించి, గేటు దగ్గరికి వెళ్లి, మళ్లీ వెనక్కి వచ్చి, "మమా (అమ్మా), ఒంటరిగా మాత్రం పంపకండి" అన్నాడు. అంతకుమించి చెప్పక్కర్లేని రోజులవి.

ఎలాంటి రోజులంటే, అంతకు రెండు మూడేళ్లుగా సరస్సు చుట్టూ ఉన్న జిల్లాల్లో ఇళ్లలో దూరి నరకడం మొదలైంది. ఆ ఎముకలతో తాయెత్తు కట్టుకుంటే బంగారు గనిలో పాయ దొరుకుతుందనీ, వల నిండా చేపలు పడతాయనీ చెప్పే దొంగ వైద్యులు, నమ్మి డబ్బిచ్చేవాళ్లు. 2008లో బీబీసీ విలేకరి విక్కీ న్తెతెమా మారువేషంలో వెళ్లి ఈ బేరాన్ని బయటపెట్టింది. ఆమెకే ప్రాణభయమై దాక్కోవాల్సొచ్చింది. ఆ పిల్ల బడిలో చేరిన నెలలోనే ప్రధానమంత్రి మిజెంగో పిండా ఈ విషయం మాట్లాడుతూ పార్లమెంటులో ఏడ్చాడు. మార్చిలో ప్రభుత్వం ఊరూరా పెట్టెలు పెట్టి, అనుమానం ఉన్నవాళ్ల పేర్లు రహస్యంగా రాసి వెయ్యమంది. సెప్టెంబరులో కహామా కోర్టు ఒక పద్నాలుగేళ్ల కుర్రవాడి హత్యకేసులో ముగ్గురికి ఉరిశిక్ష వేసింది. అలాంటి కేసులో శిక్ష పడటం అదే మొదలు. మా అత్తయ్యగారు గుంటూరు నుంచి ఫోన్ చేసి "మీరు వచ్చెయ్యండమ్మా" అంటుంటే, "మనకేం కాదత్తయ్యా, ఆ పిల్లలకే" అని చెప్పడానికి నోరు వచ్చేది కాదు.

ఆ ఇంటికి ఒక్కసారే వెళ్లినవాళ్లకి కూడా ఆ తలుపు గుర్తుండిపోతుంది. ఇల్లు మట్టి గోడలది, పైన రేకు. లోపల మాత్రం ఒక చిన్న గది కాల్చిన ఇటుకలతో కొత్తగా కట్టి ఉండేది. కిటికీ లేదు. ఇనప తలుపు, లోపలి నుంచి రెండు గడియలు. తండ్రి రెండు సీజన్ల బోనసు దానికే పోసాడు. రాత్రి ఆ పిల్లా, ఆఖరి తమ్ముడూ ఆ గదిలో పడుకునేవాళ్లు. ఐదుగురు పిల్లల్లో వాళ్లిద్దరే అలా పుట్టింది. ఇలాంటి బిడ్డ పుడితే "ఇది నా బిడ్డ కాదు" అని భార్యని వదిలేసి పోయిన మగవాళ్లని అక్కడ చాలామందిని చూశాను. ఈయన పోలేదు. తనే రోజూ పిల్లని బడి దాకా దింపి వెళ్లేవాడు. అందుకోసం మావారు ఆయన షిఫ్టు గంట వెనక్కి జరిపారు. సాయంత్రం నేనూ, క్లాసులో నలుగురు పిల్లలూ ఇంటి దాకా నడిచేవాళ్లం. ఆ నలుగురికీ ఎవరూ చెప్పలేదు. వాళ్ల దారి వేరే అయినా వచ్చేవాళ్లు. దారిలో చెరకు ముక్కలు నములుతూ, ఫుట్‌బాల్ గురించి పోట్లాడుకుంటూ నడిచే ఆ నడకే నాకు మ్వాంజా అంటే మొదట గుర్తొచ్చేది.

చూపు సంగతి. చాలామంది ఇది ఒంటి రంగు విషయం అనుకుంటారు. రంగు తయారుచేసే మెలనిన్ కంటికీ కావాలి. అది లేకపోతే కంటి వెనక, స్పష్టంగా చూడటానికి పనికొచ్చే చోటు సరిగ్గా తయారవదు. కళ్లజోడు పెట్టినా పూర్తి చూపు రాదు. వెలుతురు ఎక్కువైతే కళ్లు తెరవలేరు. అంతమాత్రాన వాళ్లు గుడ్డివాళ్లు కాదు. ఈ పిల్లని మాత్రం చిన్నప్పుడు గుడ్డిపిల్లల హాస్టల్‌కి పంపారు. భద్రతకోసం ఆ రోజుల్లో చాలామంది పిల్లల్ని అలాంటి చోట్లకే చేర్చేవారు. అక్కడ బ్రెయిలీ నేర్పారు. వేళ్లతో తడిమి చదవాల్సిన ఆ చుక్కల్ని ఈ పిల్లలు కాగితం కళ్లకి ఆనించుకుని చూసి చదివేవాళ్లు! చూడగలిగిన పిల్లకి అక్షరం పెద్దదిగా రాసిస్తే సరిపోయేది. ఆ మాత్రం ఎవరికీ తట్టకపోవడం నాకు ఇప్పటికీ కోపం తెప్పిస్తుంది.

మా స్కూల్లోనే ఒకాయన "ఈమెకి చూపుతోపాటు బుర్ర కూడా మందం" అన్నాడు. మొదటి యూనిట్ టెస్టులో సున్నా వచ్చింది మరి. ప్రశ్నలు నేను బోర్డు మీద రాశాను. ఆ పిల్లకి బోర్డు ఒక నల్లటి పలక, అంతే. ప్రశ్నలు నోటితో చదివి మళ్లీ పెట్టాను. ఇరవైకి పద్దెనిమిది. ఆ తర్వాత పద్ధతి మార్చుకున్నాం. బోర్డు మీద ఏం రాసినా పైకి చదువుతూ రాయడం, కిటికీ వెలుతురు మొహం మీద పడకుండా వీపు వైపు ఉండేలా బల్ల వెయ్యడం, లావు గీతల మార్కరు, నోట్సు పెద్దక్షరాల్లో. సెలవుల్లో ఇండియా వచ్చినప్పుడు హైదరాబాదు ఎల్.వి. ప్రసాద్ కంటి ఆసుపత్రిలో, చూపు తక్కువున్నవాళ్లకి సాయం చేసే విభాగంలో అడిగితే, చేతిలో ఇమిడే చిన్న దుర్భిణి గురించి చెప్పారు. ఒక కన్నుకి ఆనించుకుని దూరంగా ఉన్న బోర్డు చదవొచ్చు. తీసుకెళ్లి ఇచ్చిన రోజున ఆ పిల్ల బోర్డు చూడలేదు. ముందు కిటికీలోంచి బయటికి పెట్టి, మామిడిచెట్టు మీద కొంగని చూసింది. "దానికి మెడ మీద ఈకలున్నాయి" అంది. క్లాసులో అందరూ వంతులేసుకుని ఆ కొంగని చూశారు. పాఠం ఆ పూటకి సాగలేదు, సాగించాలని నాకూ అనిపించలేదు.

యూనిఫాం దగ్గర పేచీ వచ్చింది. పొట్టి చేతుల చొక్కా, మోకాళ్ల దాకా స్కర్టు అని నిబంధన. మా గుంటూరు వైపు పత్తి తీతకి, మిరపకాయ కోతకి వెళ్లే ఆడవాళ్లు చీర మీద మగవాళ్ల పూర్తి చేతుల చొక్కా తొడుక్కుని, తలకీ మెడకీ తువ్వాలు చుట్టుకుంటారు కదా. అదే కళ్లముందు పెట్టుకుని కుట్టాను. మణికట్టు దాటి వేళ్ల మొదలు దాకా వచ్చే చేతులు, ఎత్తు కాలరు, పాదాల దాకా స్కర్టు, చుట్టూ వెడల్పు అంచున్న గుడ్డ టోపీ. క్యాప్ పనికిరాదు, అది నుదుటిని కాపాడి చెవుల్నీ మెడ వెనకనీ వదిలేస్తుంది, పుండ్లు మొదలయ్యేది అక్కడే. యాజమాన్యం ఒప్పుకోలేదు. "ఒకరికి ఒప్పుకుంటే అందరూ అడుగుతారు" అన్నారు. అడగనివ్వండి, కుట్టిస్తాను అన్నాను. చివరికి తండ్రి మిల్లు బట్టల్లోనే, దూది అంటిన జుట్టుతోనే వచ్చి, ఏమీ మాట్లాడకుండా కూతురి ముంజేతుల మీద ఎర్రటి పొక్కులు చూపించాడు. అప్పుడు ఒప్పుకున్నారు.

ఆయన అంతగా పట్టుబట్టడానికి కారణం ఆయన తమ్ముడు. అతనూ అలాగే పుట్టాడు. పత్తి రైతు. తెల్లారితే పొలం, టోపీ లేదు, బనీను మీద పని. సీజన్లో మిల్లుకి బస్తాలు తెచ్చినప్పుడు ఆ పిల్లకోసం ఉడికించిన చిలగడదుంపలు కాగితంలో చుట్టి తెచ్చేవాడు. మంచి మాటకారి. 2010 ఎన్నికల్లో లిండి నుంచి, తనలాగే పుట్టిన సలుమ్ బర్వానీ పార్లమెంటుకి గెలిచాడని రేడియో ఫ్రీ ఆఫ్రికాలో విన్న రోజున, సైకిలు వేసుకుని ఆ వార్త చెప్పడానికే మా ఇంటికి వచ్చాడు. అంతకుముందు, అలాగే పుట్టిన అల్-షైమా క్వెగ్యిర్‌ని అధ్యక్షుడు కిక్వెటే 2008లో పార్లమెంటుకి నామినేట్ చేశాడు. బర్వానీ జనం ఓట్లతో గెలిచినవాడు. "మమా, నాలాంటివాడికి జనం ఓటేశారు" అని మూడుసార్లు చెప్పాడు. టీ కూడా సరిగ్గా తాగలేదు ఆ సంతోషంలో.

అప్పటికే అతని చెవి వెనక పుండు ఉంది. ముందు గరుకు మచ్చ, తర్వాత మానని పుండు, ఆ తర్వాత మెడ మీద గడ్డ. ఆకుపసరు రాశాడు. ఆసుపత్రికి వెళ్లేసరికి ఆలస్యమైంది. మచ్చగా ఉన్నప్పుడే చూపించుకుంటే గడ్డకట్టించే చల్లటి మందుతో అక్కడికక్కడే తీసేసేవారు. ముప్పై అయిదేళ్లయినా నిండలేదు. పోయాడు.

రేడియోలో రాలేదు. ఏ దేశం విలేకరీ రాలేదు. కత్తితో పోయినవాళ్లని 2015 నాటికి డెబ్బై మందికి పైగా లెక్కపెట్టారు. ఒక్కటి జరిగినా ఘోరమే, నేను తక్కువ చెయ్యడం లేదు. కానీ ఎండ తీసుకెళ్లినవాళ్లు అంతకి ఎన్నో రెట్లు, నలభై ఏళ్ల లోపే చర్మపు క్యాన్సర్‌తో పోతారని అక్కడి డాక్టర్లు మొత్తుకుంటూనే ఉన్నారు. దానికి కావలసింది పోలీసులు కాదు. టోపీ, పూర్తి చేతుల చొక్కా, నీడలో చేసుకునే ఒక పని, ఒంటికి రాసుకునే క్రీము. ఆ క్రీము మ్వాంజా మందుల షాపులో మిల్లు కూలీకి అందే ధరలో ఉండేది కాదు. నేను ఇండియా నుంచి వచ్చేటప్పుడల్లా పెట్టెలో సగం అదే తెచ్చేదాన్ని. తర్వాత కిలిమంజారో కొండ కింద మోషిలో, చర్మవైద్యం నేర్పే కేంద్రం దగ్గరే ఒక చిన్న తయారీశాల మొదలైంది. మఫాల్దా సోతో అనే స్పానిష్ ఫార్మసిస్టు పూనుకుని, వీళ్ల చర్మానికి తగ్గట్టుగా కిలిసన్ అనే క్రీము చేయించింది. అందులో పనిచేసేవాళ్లలో కూడా అలా పుట్టినవాళ్లున్నారు. ఆ డబ్బా మొదటిసారి మా ఊరు చేరినప్పుడు తండ్రి దాన్ని తిప్పి తిప్పి చూసి, పక్కన ఉన్న తమ్ముడి ఫోటో వైపు చూశాడు. నేను బయటికి వచ్చేశాను.

నాలుగో ఏడాది, ఫారం ఫోర్‌లో సంభావ్యత పాఠం వచ్చింది. బజారులో ఎర్ర చిక్కుడు గింజలు, తెల్ల చిక్కుడు గింజలు కొని తీసుకెళ్లాను. ఎర్రది రంగు తయారుచేసే గింజ, తెల్లది చెయ్యలేనిది. ప్రతి మనిషికీ రెండు గింజలు. ఒక్క ఎర్రది ఉన్నా ఒంటికి రంగు వస్తుంది. అమ్మ సంచిలో ఒక ఎర్రది, ఒక తెల్లది. నాన్న సంచిలోనూ అంతే. కళ్లు మూసుకుని చెరొకటి తియ్యాలి. రెండూ తెల్లవైతేనే అలాంటి బిడ్డ. నాలుగింట ఒక వంతు. వెనక బెంచీ కుర్రవాడు లేచి, "అయితే ఒకరు అలా పుడితే తర్వాత ముగ్గురు నల్లగా పుట్టాలి కదా మ్వాలిము?" అన్నాడు. నేను నోరు తెరిచేలోపే ఆ పిల్ల అంది: "కాదు. ప్రతి కాన్పుకీ గింజలు మళ్లీ సంచిలో పడతాయి. మా ఇంట్లో చూడు, ఐదుగురిలో ఇద్దరం."

ఆ గింజలు ఇంటికి పట్టుకెళ్లింది. వాళ్ల బీబీ, అంటే నాయనమ్మ, ఏళ్ల తరబడి కోడల్ని ఆడిపోసుకునేది, "నీ కడుపు వల్లే" అని. సొంత కొడుకు అలా పుట్టి, అలా పోయినా సరే. ఆ రాత్రి కిరసనాయిలు దీపం దగ్గర మనవరాలు గింజలు పరిచి, ఒక తెల్ల గింజ నాన్న ముందు పెట్టి, "ఇది ఈయనకి ఎక్కడిది బీబీ? నీ దగ్గర్నుంచో తాత దగ్గర్నుంచో వచ్చిందే" అందట. ముసలావిడ చాలాసేపు ఆ గింజని చేత్తో దొర్లించి, లేచి పడుకుందట. మర్నాడు పొద్దున తల్లి మా ఇంటికి వచ్చింది. కిరుంబా బజారు నుంచి తెచ్చిన డగా, ఎండబెట్టిన చిన్న చేప, ఒక పెద్ద పొట్లం నా చేతిలో పెట్టింది. ఇదంతా చెప్పి, "పదిహేనేళ్లు మోశాను మమా" అంది. నాకు అప్పటిదాకా లెక్కల పాఠం ఒక మనిషి భారం దించగలదని తెలియదు.

ఆ ఏడాది అక్టోబరులో పరీక్షలు. 2012 ఫారం ఫోర్ ఫలితాలంటే టాంజానియాలో ఇప్పటికీ తలపట్టుకుంటారు, రాసినవాళ్లలో అరవై శాతానికి పైగా తప్పారు. ఆ పిల్ల పాసైంది, లెక్కల్లో మంచి గ్రేడుతో. తండ్రి మిల్లులో అందరికీ సోడాలు ఇప్పించాడు.

ఫలితాల తర్వాత వాళ్ల మేనత్త ఊరికి నన్నూ తీసుకెళ్లారు, ఉకెరెవె దీవికి. మ్వాంజా నుంచి ఫెర్రీ ఎక్కితే నాన్సియో రేవు. ఆ దీవిలో అలా పుట్టినవాళ్లు ఎక్కువమంది ఉంటారు. రేవులో దిగగానే చేపల తట్టలు దించుతున్న ఒక పెద్దావిడ, టోపీ పెట్టుకుని టిక్కెట్లు చూస్తున్న కుర్రవాడు, ఇద్దరూ ఈ పిల్లలాగే ఉన్నారు. వాళ్లని ఎవరూ వింతగా చూడటం లేదు. ఆ రెండు రోజులూ ఆ పిల్ల చేయి ఎవరూ పట్టుకోలేదు. తనే ముందు నడిచింది.

మళ్లీ చీకటి వచ్చింది. 2014 డిసెంబరులో మా వైపే, క్వింబా జిల్లాలో నాలుగేళ్ల పాపని ఇంట్లోంచి ఎత్తుకుపోయారు. గెలుపు కోసం కూడా ఆ తాయెత్తులు కట్టించుకునేవాళ్లుంటారని, ఎన్నికల ఏడాది వస్తోందంటే భయం పెరిగేది. జనవరిలో ప్రభుత్వం అనుమతి లేని వైద్యుల్ని నిషేధించింది. అప్పటికి ఈ పిల్ల డార్ ఎస్ సలామ్‌లో కాలేజీలో ఉంది కానీ తమ్ముడు ఇంట్లోనే. ఆ ఇటుక గదికి మూడో గడియ బిగించారు. ఆ జూన్ 13న, ఐక్యరాజ్యసమితి ప్రకటించాక మొదటిసారి వచ్చిన ఆల్బినిజం దినోత్సవం నాడు, మా మిల్లు గేటు నుంచి బజారు దాకా చిన్న ఊరేగింపు జరిగింది. తమ్ముడిని తండ్రి భుజాల మీద ఎక్కించుకున్నాడు. ఒకప్పుడు సాయంత్రాలు మాతో నడిచిన నలుగురిలో ఇద్దరు వచ్చారు, మీసాలొచ్చి గుర్తుపట్టలేకుండా. మరుసటి ఏడాది మేం ఇండియా వచ్చేశాం.

ఇప్పుడు ఆ పిల్ల డార్‌లో ఒక ఆఫీసులో లెక్కలు చూస్తోంది. పెళ్లి కుదిరింది. కాబోయే అత్తగారు మొహమాటపడుతూనే అడిగిందట, పిల్లల సంగతేమిటని. దానికి తను రాసిచ్చిన లెక్క కాగితం ఫోటో తీసి నాకు వాట్సాప్‌లో పంపింది. పెద్దపెద్ద అక్షరాలు, లావు మార్కరు. "టాంజానియాలో 1,400 మందిలో ఒకరు మాలా పుడతారు. వర్గమూలం తీస్తే సుమారు 37. అంటే 37 గింజల్లో ఒకటి తెల్లది. నా నుంచి ఎలాగూ తెల్లదే వెళ్తుంది. మీ అబ్బాయి నుంచి తెల్లది వెళ్లడానికి సుమారు 37లో ఒక వంతు. ఒక్కొక్క కాన్పుకి ఇదీ లెక్క." కింద నాకు వేరుగా రాసింది: "సరిగ్గానే ఉందా మ్వాలిము?" సరిగ్గానే ఉంది. మావారికి రెండుసార్లు చదివి వినిపించాను.

పెళ్లి సాయంత్రం నాలుగు దాటాక పెట్టుకున్నారు, ఎండ వాలాక, సరస్సు ఒడ్డున షామియానా వేసి. పూర్తి చేతుల లేసు జాకెట్టు గుంటూరులోనే కుట్టించి తెమ్మంది. కొలతలు పంపింది. కాలరు ఎత్తు రాయడం మరిచిపోయింది, అది అడగాలి.